వెళ్ళొస్తా పిన్నీ

వాయిదా ఉన్న రోజు టైలరక్క కుట్టు మిషను మీద గుడ్డ కప్పి, చల్లారిన టీ నిలబడే తాగేసి, తలుపుకి తాళం వేసి, గుమ్మం ముందు వంగి దారిని చుట్టడం మొదలుపెట్టేది. చాపని చుట్టినట్టే. వెనకిల్లు ఆమెది. అక్కణ్ణుంచి ముందింటి పిన్ని పెరట్లోంచి వీధి దాకా నలభై అడుగుల దారి. రాళ్ళూ, గడ్డీ, విరిగిన మురుగు మూతా అన్నీ అందులోకే ముడుచుకునేవి. చుట్టిన మేర పెరడు రెండు పక్కల నుంచీ జరిగొచ్చి, అలిగిన మనిషి పెదాల్లా మూసుకుపోయేది.

"దారి తెచ్చావా?" అన్నాడు ఆ రోజూ కోర్టు బంట్రోతు.

"తెచ్చాను."

"గోడకానించు. పోయినసారి మట్టంతా రాల్చావు, ఊడ్చలేక నడుం పడిపోయింది."

తొమ్మిదేళ్ళుగా ఇదే వరస. పెరట్లో అడ్డంగా గోడ కడతానన్నాడు పిన్ని కొడుకు. కడితే అక్కకి వీధిలోకి వేరే సందు లేదు. ఇల్లు అతనికే అమ్ముకుని పోవాలి. గెలవాలన్న పట్టుదల ఎప్పుడో అరిగిపోయింది. ఇంత దూరం మోశాక ఎక్కడ దించాలో తెలియక మోస్తోంది, అంతే.

ఆమె వకీలు చిలక్కి చెప్పినట్టు చెప్పాడు. "ఎవర్నీ అడక్కుండా, అందరూ చూస్తుండగా ఇరవై ఏళ్ళు నడిస్తే అది హక్కు. అడిగి నడిస్తే వాళ్ళ దయ. అడిగావా అంటే లేదను."

బోనెక్కింది. అవతలి వకీలు గొంతు మెత్తగా ఉంది, దూది లోపల సూదిలా.

"ఆ పెరట్లోంచి పోయేటప్పుడు ఏమైనా అనేవారా?"

"ఏమంటానండీ. వెళ్ళొస్తా పిన్నీ అనేదాన్ని."

"రోజూనా?"

"రోజూ. కేసు పడేనాటికి ఇరవై ఆరేళ్ళు. పడ్డాక కూడా నోరు ఊరుకోక ఒకటి రెండుసార్లు."

"ఆవిడేమనేవారు?"

"వెళ్ళిరా అనేది."

అతను జడ్జిగారి వైపు తిరిగాడు. "ఈవిడ అడిగింది, ఆవిడ వెళ్ళమంది. అనుమతి మీద నడిచిన నడకండి ఇది."

ఆమె వకీలు ఫైలు మూసేశాడు. ఆ మాట అడగటం కిందికొస్తుందని అక్కకి ఈ జన్మలో తోచలేదు. దిగొచ్చి బల్ల మీద కూలబడింది.

తర్వాత పిన్ని సాక్ష్యం. జడ్జిగారు కళ్ళజోడు తీసి కళ్ళు నలుపుకున్నారు. "ఆ దారి పరవండి. దాని మీదే నడిచొచ్చి హద్దులు చూపిస్తారు."

అక్క కూర్చున్న బల్ల దగ్గర గుమ్మం కొస, బోను దగ్గర వీధి కొస వచ్చేలా బంట్రోతు పరిచాడు. పిన్ని చెప్పులు విడిచి దాని మీద కాలు పెట్టింది. హాల్లో తడిమట్టి వాసన లేచింది. ఆవిడ మొహం మెత్తబడింది. కోర్టూ కొడుకూ ఎక్కడికి పోయారో, అక్క వైపు తిరిగి,

"వెళ్ళొస్తానే అమ్మాయ్, పొయ్యి మీద పాలు పెట్టొచ్చాను" అంది.

"వెళ్ళిరా పిన్నీ," అంది అక్క, తలెత్తకుండానే.

విరిగిన మూత దగ్గర పక్కకి అడుగేసి, ఎండ తగిలినట్టు కళ్ళు చిట్లించుకుంటూ పిన్ని బోను చేరింది.

"ఈ నేల ఎవరిదమ్మా?" అన్నారు జడ్జిగారు.

"నాదేనండీ. మా ఆయన కొన్నది."

"మరి మీ నేల మీద మీరు నడవటానికి ఆవిడ అనుమతి ఎందుకడిగారు?"

"అనుమతేంటి బాబూ. పోయేటప్పుడు పోతున్నానని చెప్పమా? చెప్పకుండా పోవడానికి మనం పిల్లులమా?"

కొడుకు నుదురు పట్టుకున్నాడు. జడ్జిగారు మాత్రం ఆ జవాబు అక్షరం పొల్లు పోకుండా రాసుకున్నారు. భోజనాల వేళ దాటాక తీర్పు చదివారు. వెళ్ళొస్తాననడం అడగటం కాదు, చెప్పటం. దారి మీద నడిచే హక్కు వెనకింటిది. గోడ కట్టకూడదు.

అక్కకి ఏడుపూ రాలేదు, నవ్వూ రాలేదు. దారి చుట్టి భుజానికెత్తుకుని బస్టాపు దాకా నడిచింది. అక్కడ పిన్ని ఒక్కతే నిలబడి ఉంది.

"నీ కొడుకేడీ?"

"బండేసుకుని పోయాడు. నాతో మాట్లాడడంట. పైకోర్టుకి పోతాడంటనే."

"పోనీ పిన్నీ."

"మళ్ళీ ఇది మోయాలిగా నువ్వు."

"మోయాలి."

"దించు ముందు. చూళ్ళేకపోతున్నాను."

అక్క దించింది. బస్సు జాడ లేదు. కూర్చోడానికి బల్ల కూడా లేదక్కడ. ఇద్దరూ ఆ చుట్ట మీదే చెరో పక్క కూర్చున్నారు.