టీవీలో పులుసు

"ఓరి దేవుడా, వీడేంటే, పులుసులో గరిటెట్టాడు!" అంది యేసమ్మ టీవీ చూస్తూ.

వీడంటే ఆమె కొడుకు నెల్సన్. 'మారుతున్న ఏలూరు' అని ఏదో ఛానల్ వాళ్ళు ప్రోగ్రాం తీశారు. కొత్త అపార్టుమెంట్లు, కాఫీ షాపులు, స్కూటీల మీద ఆడపిల్లలు, అన్నీ చూపించి చివరికి వీళ్ళ వంటింట్లోకొచ్చారు. "ఆదివారం వంట నాదేనండి. ఆవిడకి సెలవు," అంటున్నాడు నెల్సన్, కొర్రమీను ముక్కల్ని గరిటతో చితక్కొడుతూ. పక్కనే పట్టుచీరలో భార్య రూబీ. యాంకరమ్మాయి "నిజమేనాండీ?" అంటే నవ్వుతూ తలూపింది.

ఆ తలూపడం చూసి, సోఫాలో అత్త పక్కన కూర్చున్న రూబీ సిగ్గుతో చచ్చిపోయింది. చేపల పులుసుని గిన్నె అంచులు గుడ్డతో పట్టుకుని కుదపాలే గానీ గరిట పెట్టకూడదని కొల్లేటి చుట్టుపక్కల ఏ ఆడదానికి తెలీదు? చూసినవాళ్ళు నవ్వితే ఆయన్ని చూసి నవ్వనీ. ఆయన అబద్ధం ఆయనది. మరి తనో? ఆదివారం చీకటితో లేచి, బూడిదతో చేప తోమి, పులుసు దించి, అందరి బట్టలూ ఇస్త్రీ చేసి, ప్రార్థన సగమయ్యాక చర్చిలో అడుగుపెడితే, "ఇప్పుడా రావడం?" అని కళ్ళతోనే కసిరేవాడు. ఎంత తోమినా నీచు వాసన వదలని చేతుల్ని కొంగులో దాచుకునేది. టీవీలోనూ వాటిని దాచేసింది. మరి తలెందుకూపింది, మొగుడి పరువు కోసమా? కాదు. ఆ ఒక్క క్షణం, అది నిజమైతే ఎంత బాగుండునో అనిపించింది. ఆ ఆశ తల్చుకుంటేనే ఎక్కువ సిగ్గేసింది.

మర్నాడు రూబీ పాఠాలు చెప్పే స్కూల్లో, తోటి టీచరు జానకి దగ్గరికొచ్చింది. చేప ముట్టని ఇంటి పిల్ల, గరిట సంగతి తెలీదు. "అదృష్టవంతురాలివి రూబీ. మిమ్మల్ని చూపించి మా ఆయన్ని అడిగాను, వారానికో పూటైనా సాయం చెయ్యండీ అని. చెయ్యి చేసుకున్నారు," అంది. బుగ్గ చూపించలేదు గానీ పవిట అటువైపుకి లాక్కుంది.



సాయంత్రం ఇంట్లో నెల్సన్ ఫోను మోగింది. యాంకరమ్మాయి. ప్రోగ్రాం అందరికీ నచ్చిందట, మళ్ళీ వస్తారట. "రండి రండి, ఈసారి రొయ్యల ఇగురు పెడతాను!" అన్నాడు నెల్సన్. రూబీ ఆయన చేతిలోంచి ఫోను అందుకుంది.

"రండమ్మా. ఆదివారం తెల్లారకుండా రండి. ఏ ఆదివారమో మాత్రం ముందు చెప్పొద్దు. కెమెరా ఆన్ చేసుకునే రండి, తలుపు తీసేది నేనేలెండి."