తిరగేసిన చేప

చైనా జాలర్లుండే అబర్డీన్ రేవులో విందు పడవ నడిపే మ్యూయిహో ఆ మధ్యాహ్నం అతిథులకు ఆవిరిమీద ఉడికించిన చేప వడ్డిస్తోందే గానీ, చూపంతా సముద్రం వైపే ఉంది. తుఫాను హెచ్చరిక పెట్టి గంట దాటింది. తెల్లారకముందే, వరసకి మామయ్యే ఫూక్ పడవతో జతగా తన పడవేసుకుని వేటకెళ్ళిన మొగుడు కామ్‌షుయ్ ఇంకా తిరిగి రాలేదు.

"పైకండ తిన్నాక ముల్లు తీసేసి కిందిది తినండి బాబూ. చేపని మాత్రం తిరగెయ్యకండి. తిరగేస్తే పడవ బోల్తా పడుద్దని మావాళ్ళ భయం" అని నవ్వుతూ చెప్పి, పులుసు కోసం పొయ్యి దగ్గరకు వెళ్ళింది.

వచ్చేసరికి చేప తిరగబడి ఉంది. ఫొటోల ధ్యాసలో ఆమె మాట వినని కళ్ళద్దాల పెద్దాయన, "ఈ పక్క మీకేనమ్మా, పొద్దుట్నుంచీ మీరేం తిన్లేదుగా" అన్నాడు ఆప్యాయంగా.

ఆ మంచితనాన్ని ఏమని తిట్టగలదు? కీడు నీళ్ళలోనే పోనీ అనుకుని పళ్ళెం ఎత్తి చేపను నీళ్ళలోకి జారవిడిచింది. అదీ వేడుకే అనుకుని అతిథులు చప్పట్లు కొట్టారు.

అంతలో ఫూక్ మామ పడవ రేవులోకి వచ్చింది. దాని వెనక ఇంకో పడవ లేదు. "ఏమే కోడలా, ఊళ్ళోవాళ్ళకేనా విందు, మా మొహాలకి గంజైనా పొయ్యవా?" అని రోజూ ఎకసెక్కమాడే ఆయన, ఇవాళ తలొంచుకునే పడవ నడుపుకొస్తున్నాడు.

"మామా, మీ జతగాడేడీ?" అని కేకేసింది.

ఫూక్ మామ ఇంజను ఆపాడు. ఆమె చేతిలోని ఖాళీ పళ్ళెం వంకే చూస్తూ, "ముందు వాళ్ళని ఒడ్డున దింపి రా తల్లీ" అన్నాడు.