కంటికి చిక్కిన మెరుపు

వెండెల్ హాస్క్ ఇరవై రెండేళ్లుగా చౌక ఫైటింగ్ సినిమాలకు కెమెరా పట్టాడు. కథ పిసరంత, తూటాలు బస్తాడు. లాస్ ఏంజిలిస్‌లో బయటివాళ్లకు అతని పేరు తెలియదు గానీ, సినిమావాళ్లలో అతని మాట నమ్మనివాడు లేడు. "షాట్ వచ్చింది" అంటే వచ్చినట్టే.

ఆ రోజు మొహావి ఎడారిలో నీళ్ల ట్యాంకు మీంచి పడాల్సినవాడు లైల్ టిబెట్స్. యాభై మూడేళ్లు. ముప్పై ఏళ్లుగా హీరోల విగ్గులు తగిలించుకుని వాళ్ల బదులు ఎముకలు విరగ్గొట్టుకున్నాడు. సొంత మొహంతో పడటం ఇదే మొదలు. ఇదే ఆఖరని భార్య మార్లీన్‌కు మాటిచ్చాడు కూడా.

"ఒరేయ్, మొహం సరిగ్గా చూపించు. మార్లీన్ నన్ను తెర మీద చూడాలి," అన్నాడు నిచ్చెన ఎక్కుతూ.

"నీ మొహం చూపిస్తే టిక్కెట్లు తెగవురా," అన్నాడు వెండెల్.

కెమెరాకి దగ్గరగా హీరో తుపాకీ పేలింది. అతని వెనక లైల్ ట్యాంకు మీంచి అట్టపెట్టెల మీద అద్భుతంగా పడ్డాడు. వెండెల్ మాత్రం కెమెరాలోంచి కన్ను తీశాడు. తుపాకీ మెరుపు అతని కంటపడింది. ఆ కెమెరాలో తిరిగే అద్దం వెలుగుని ఓసారి కంటికి, ఓసారి ఫిల్ముకి పంపుతుంది; కంటికి అందిన క్షణం ఫిల్ముకి అందదు. మెరుపు లేకపోతే లైల్ కాలు జారి పడ్డట్టుంటుంది. ఆ షాట్ దేనికీ పనికిరాదు.

"వచ్చిందా?" కేకేశాడు డైరెక్టర్.

లైల్ నడుం పట్టుకుని, రెండుసార్లు ఆగి లేచాడు. మళ్లీ అంటే నవ్వుతూ ఎక్కేస్తాడు, ఆ మొండిఘటం.

"వచ్చింది," అన్నాడు వెండెల్.

మర్నాడు ఫిల్ము చూసి డైరెక్టర్ తల పట్టుకున్నాడు. అప్పటికే లైల్ నడుం పట్టేసి మంచమెక్కాడు. అతని చొక్కా ఇంకొకడికి తొడిగి, వెనక నుంచి తీశారు. తీసినవాడు వెండెలే. తీస్తున్నంతసేపూ ఏదో దొంగతనం చేస్తున్నట్టే అనిపించింది.

సినిమా విడుదలయ్యాక లైల్ కుంటుకుంటూ వెండెల్ ఇంటికొచ్చాడు. కూర్చోలేదు.

"నీకు మెరుపు కనపడింది కదరా?"

"కనపడింది."

"మరి చెప్పలేదేం?"

"నువ్వు లేవడం చూశాను. మళ్లీ పడితే చచ్చిపోతావని భయమేసింది."

"ముప్పై ఏళ్లు పడ్డాన్రా! ఎప్పుడాపాలో నాకు తెలీదా? ఎవడికీ అబద్ధం చెప్పనోడివి, నా దగ్గరకొచ్చేసరికి చెప్పావు."

వెండెల్ కళ్లలో నీళ్లు తిరిగాయి. లైల్ గుమ్మం దాటబోతూ ఆగాడు.

"మార్లీన్ ఎవడి వీపో చూసి నేననుకుందిరా. హాలంతా వినపడేలా చప్పట్లు కొట్టింది. కాదని చెప్పడానికి నాకు నోరు రాలేదు."