చుక్కల గీత

డిసెంబరు నాలుగో తేదీ, సొరంగం పనివాళ్లను కాచే పునీత వర్వారమ్మ పండుగ. ఆ రోజు మా వైపు ఏ సొరంగంలోనూ పని జరగదు. పదకొండు గంటలకు చర్చి ఫాదరు పాపా ఫోటిస్ వచ్చి సొరంగం ముఖం దగ్గర నిలబడి దీవెన చదువుతాడు. పనివాళ్లు, వాళ్ల పెళ్లాం పిల్లలు, అందరూ అక్కడే నిలబడి వింటారు. తర్వాత ఉడికించిన గోధుమల తీపి పంచుతారు. ఆ ఏడాది మూడు రోజులు ఎడతెరిపి లేకుండా కురిసిన వాన పండుగ తెల్లవారుజామునే వెలిసింది. మంచి శకునమని అందరూ అన్నారు.

తొమ్మిది గంటలకు నేను ఆఫీసు గదిలో ఒక్కణ్నే ఉన్నాను. కొండలో రాతి పొరలు ఏ దిక్కుకు, ఎంత ఏటవాలుగా దిగుతున్నాయో కొలిచి పటం గీయడం నా పని. ముప్పై ఒక్క ఏళ్లుగా అదే చేస్తున్నాను. ఇంజనీర్లు ఆ పటాన్ని నమ్మి తవ్వుతారు. బల్ల మీద పటం పరిచి ఉంది. దాని మీద దిక్సూచి. కాఫీ కప్పు కోసం ఎడమ చేయి చాచాను.

సూది నా చేతి వెంట వచ్చింది.

చేయి వెనక్కి తీశాను. సూది ఉత్తరానికి తిరిగిపోయింది. మళ్లీ చాచాను. మళ్లీ వచ్చింది, పిలిస్తే వచ్చే కుక్కపిల్లలాగా.

నా ఎడమ మణికట్టుకు నా భార్య ఆర్గిరో కడియం ఉంది. కీళ్ల నొప్పులకు మంచిదని త్రికాల ఊరి సంతలో కొనుక్కుంది. లోపలి వైపు చిన్న చిన్న అయస్కాంతాలు పొదిగి ఉంటాయి. నొప్పి తగ్గిందో లేదో ఎప్పుడూ చెప్పలేదు. కాని దాన్ని ఎన్నడూ తీయలేదు. ఫిబ్రవరిలో ఆసుపత్రి వాళ్లు దాన్ని ఒక కవరులో పెట్టి నాకిచ్చారు. మా ఇంటిపేరు పొడుగు, ఎవరూ సరిగ్గా రాయరు. ఆ రాత్రి నర్సు మాత్రం ఒక్క అక్షరం తప్పు పోకుండా రాసింది. ఆ కవరు ఇంకా దాచుకున్నాను. కడియాన్ని బస్సులోనే చేతికి వేసుకున్నాను. కొన్నాళ్లకు అది ఉందన్న ధ్యాస కూడా పోయింది.

దిక్సూచిని నేను కుడి చేత్తో పట్టుకుంటాను. ఆ చేత్తో తీసిన కొలతలకు భయం లేదు. గోడకు తగిలించిన సంచిలోంచి నోటు పుస్తకం తీసి తిప్పాను. ప్రతి కొలత పక్కన ఎక్కడ, ఎలా నిలబడ్డానో రాయడం చదువుకునే రోజుల అలవాటు. సొరంగం ముఖానికి పైన కొండను నాలుగు మెట్లుగా చెక్కారు. కింది రెండు మెట్ల దగ్గర ఏమీ రాసి లేదు. మూడో మెట్టు: తాడు. నాలుగో మెట్టు: తాడు. తాడు పట్టుకున్నది కుడి చేత్తో. దిక్సూచి ఎడమ చేతిలో, కడియానికి నాలుగు వేళ్ల దూరంలో.

సొరంగం ముఖానికి పైన కొండను నాలుగు మెట్లుగా చెక్కారు. కింది రెండు మెట్లలో పొరలు సొరంగం వైపే వాలి ఉన్నాయని కొలిచాను, అక్కడ పొడవాటి ఇనప బోల్టులు దిగగొట్టారు. పై రెండింటిలో పొరలు పక్కకు, వాగు వైపు వాలినట్టు వచ్చింది. ఒకే కొండలో పొరలు ఉన్నట్టుండి అలా ఎందుకు తిరిగాయి? కొండ అక్కడ తెగి పక్కకు జరిగి ఉంటుందని అనుకున్నాను. మట్టి కప్పేసింది కనుక తెగుడు కంటికి కనబడలేదు. ఊహ కాబట్టి పటంలో చుక్కల గీతగా వేశాను. పై ఆఫీసులో ఎవరో దాన్ని శుభ్రంగా గీస్తూ నిండు గీత చేశారు. ఆ గీతను నమ్మి పై మెట్లకు బోల్టులు మానేసి రాళ్లు జారకుండా వల మాత్రం కప్పారు.

కడియం తీసి సొరుగులో పెట్టాను. మణికట్టు చుట్టూ తెల్లటి చార.

సైటు బాధ్యత లాంబ్రినిది. ముప్పై నాలుగేళ్ల పిల్ల, నా దగ్గర రెండేళ్లు పని నేర్చుకుంది. బయట కుర్చీలు సర్దిస్తోంది. మూడో మెట్టు మీదికి ఒకసారి రావాలన్నాను. పండుగ బట్టలతో కొండెక్కమంటారా అని నవ్వి, నా మొహం చూసి నవ్వు ఆపి బూట్లు మార్చుకుంది.

ఈసారి తాడు నడుముకు కట్టుకుని దిక్సూచిని కుడి చేత్తో ఆనించాను. తర్వాత ఆమెను కొలవమన్నాను. ఇద్దరికీ ఒకే అంకె వచ్చింది. పొరలు వాగు వైపు లేవు. పైనుంచి కిందిదాకా ఒకే వాలు, నేరుగా సొరంగం ముఖం మీదికి. తెగుడు లేదు. నాలుగో మెట్టు మీద, ఇసుకరాతి పలకకూ దాని కింది మెత్తటి బురదరాతికీ మధ్య సందులోంచి నీరు కారుతోంది. మొన్నటిదాకా తేటగా ఉన్న నీరు. ఇప్పుడు కాఫీ రంగులో ఉంది. అంటే లోపల మట్టి కరిగి వచ్చేస్తోంది.

లాంబ్రిని ఆ నీళ్లలో వేలు ముంచి రుద్ది చూసింది.

"ఎంతసేపు ఆగుతుంది?" అంది.

"తెలీదమ్మా. వారం ఆగొచ్చు. ఈ పూటే రావచ్చు."

కిందికి చూశాం. చిన్న కార్లు రెండు వచ్చి ఆగాయి. పిల్లలు దిగి సొరంగం ముఖం వైపు పరుగెత్తుతున్నారు.

మేం దిగేసరికి పది ఇరవై. లాంబ్రిని దారికి అడ్డంగా రిబ్బను కట్టించి, దీవెన యంత్రాల షెడ్డులో జరుగుతుందని చెప్పింది. పిల్లల్ని తల్లులు వెనక్కి పిలిచారు. మగవాళ్లు మాత్రం కదల్లేదు. వాళ్లు చూస్తున్నది ఆమె వైపు కాదు, మేస్త్రీ వైయోస్ వైపు.

వైయోస్‌కు యాభై ఎనిమిదేళ్లు. పదకొండు సొరంగాలు తవ్వినవాడు. తవ్వకం మొదలైన రోజున సొరంగం ముఖం పక్కన రాతిలో గూడు తొలిచి వర్వారమ్మ పటం పెట్టింది అతనే. అవతలి వైపు వెలుతురు కనబడేదాకా ఆ పటాన్ని కదపకూడదు. దీవెన ఆమె ఎదుటే చదవాలి. సొరంగం పనివాళ్లలో ఈ మాట దాటేవాడు లేడు.

"షెడ్డులో గ్రీజు డబ్బాలకు దీవెన చదివిద్దామా ఇంజనీరమ్మా?" అన్నాడు. వెనక ఒకరిద్దరు నవ్వారు. నా వైపు వేలు చూపించాడు. "పైన ఆ కొండగోడ గట్టిదని పటం గీసిందెవరు? మన ప్రొఫెసరే కదా. నిన్న గట్టిది, ఇవాళ మెత్తబడిందా?"

లాంబ్రిని కొత్త కొలతలని, నీటి రంగని చెప్పబోయింది. అతను వినలేదు. అతని గొంతు తగ్గింది.

"అర్తా దగ్గర సొరంగంలో లారీకి దారి చాల్లేదని తల్లిని తీసి పక్కన పెట్టారు. రెండ్రోజులేనన్నారు. ఆ రెండ్రోజుల్లోనే మా తమ్ముడు పోయాడు. నన్ను తీయమనకండి."

పది నలభై. పాపా ఫోటిస్ కారు మలుపు తిరిగి వస్తోంది. రిబ్బను అవతలికి అప్పటికే ఐదారుగురు వెళ్లి నిలబడ్డారు.

ఆఫీసు గదికి వెళ్లి సొరుగులోంచి కడియం, బల్ల మీది దిక్సూచి తెచ్చాను. ఖాళీ డ్రమ్ము మీద దిక్సూచి పెట్టబోయి, ఇనుమని గుర్తొచ్చి గోధుమల గిన్నె పెట్టిన చెక్కబల్ల మీద పెట్టాను. ఇంకో తప్పు కాస్తలో తప్పింది. వైయోస్‌ను దగ్గరికి రమ్మన్నాను.

"ఇది ఆర్గిరోది. దీన్ని చేతికుంచుకునే పై రెండు మెట్లు కొలిచాను. చూడు."

కడియాన్ని దగ్గరికి తెచ్చాను. సూది పక్కకు తిరిగింది. దూరం చేశాను. సూది తన చోటికి వచ్చింది. మళ్లీ చూపించమన్నాడు. చూపించాను. అతని వెనక చేరిన మగవాళ్లు భుజాల మీదుగా వంగి చూస్తున్నారు.

"కొండ మెత్తబడలేదు వైయో. మొదటినుంచీ అలాగే ఉంది. తప్పుగా కొలిచింది నేను. నా మాట నమ్మే ఆ గోడకు బోల్టులు వేయలేదు. ఆ పిల్లలు దాని కింద నిలబడితే నేను చూడలేను."

చెవుల దగ్గర వేడి తెలుస్తోంది. నా వయసులో నలభై మంది ముందు ఇలా నిలబడతానని అనుకోలేదు.

వైయోస్ సూదిని చాలాసేపు చూశాడు.

"పదకొండు సొరంగాల్లో ఎంతమంది ఇంజనీర్లను చూశానో," అన్నాడు. "రాయి తప్పంటారు, వాన తప్పంటారు, మా తప్పంటారు. నా తప్పు అన్నవాణ్ని ఇవాళే చూస్తున్నా." టోపీ సర్దుకున్నాడు. "నేనే పెట్టాను. నేనే తెస్తా. ఇంకెవడూ కదలొద్దు."

రిబ్బను అవతల ఉన్నవాళ్లను కేకేసి ఇవతలికి పంపాడు. నేనూ వస్తానన్నాను. వద్దన్నాడు. గోడను చూసే కళ్లు ఒక జత కావాలన్నాను. సణుగుతూ ఒప్పుకున్నాడు.

గూటిదాకా నూట ఇరవై అడుగులు ఉంటుంది. అతను ముందు, నేను వెనక, తల పైకెత్తి. గూటి దగ్గర అతను శిలువ గుర్తు వేసుకుని పటం చుట్టూ ఉన్న సిమెంటును ఉలితో గీకడం మొదలెట్టాడు. సుత్తి వాడొద్దన్నాను. మెల్లగా గీకాడు. పైనుంచి గులకరాయి ఒకటి వలలోంచి జారి నా బూటు దగ్గర పడింది. తర్వాత రెండు. తర్వాత ఒక్కటీ లేదు. ఆ నిశ్శబ్దమే నన్ను ఎక్కువ భయపెట్టింది.

"ఇంకెంతసేపు వైయో?"

"పెద్దావిడను తొందరపెట్టకు."

పటం ఊడింది. కోటు విప్పి అందులో చుట్టి చంటిబిడ్డను ఎత్తుకున్నట్టు గుండెకు ఆనించుకున్నాడు. నా భుజం మీద చేయి వేసి నన్నే ముందు నడిపించాడు. ఆ చేయి బరువు ఇప్పటికీ తెలుస్తుంది.

షెడ్డులో పటాన్ని టైర్ల మీద నిలబెట్టారు. ఆలస్యమైనా పాపా ఫోటిస్ ఒక్క వాక్యం కూడా తగ్గించకుండా చదివాడు. పన్నెండు దాటాక, గోధుమలు పంచుతుండగా, దూరంగా వల తెగిన చప్పుడు వినిపించింది, గుడ్డ చింపినట్టు. ఆ వెంటనే నేల అదిరింది. గిన్నెల్లో చెంచాలు గలగలలాడాయి. బయటికి వచ్చి చూస్తే సొరంగం ముఖం కనబడలేదు. మూడో మెట్టు, నాలుగో మెట్టు దాని మీద పడుకుని ఉన్నాయి. పటం ఉన్న గూడు ఎక్కడో లోపల.

ఒకామె తన పిల్లల తలలు ముట్టుకుని లెక్కపెట్టుకుంది, రెండుసార్లు. వైయోస్ నా గిన్నె ఖాళీగా ఉండటం చూసి తన గిన్నెలోంచి సగం గోధుమలు అందులో వేశాడు. "నీ కడియం బల్ల మీదే వదిలేశావు, ఎవరైనా తీసుకెళ్తారు" అన్నాడు.

విచారణకు పిలుస్తారని తెలుసు. పిలిచారు కూడా. దాచకుండా అంతా చెప్పాను. ఫిబ్రవరి నుంచి ఎడమ చేత్తో తీసిన ప్రతి కొలతా మళ్లీ తీయాలని నేనే రాసిచ్చాను. మొత్తం ముప్పై ఏడు చోట్లు. పండుగ మర్నాడు ఉదయమే కడియాన్ని ఇంటి కిటికీ గట్టు మీద, ఆర్గిరో తులసి కుండీ పక్కన పెట్టి ఆ కొలతలకు బయలుదేరాను.

అంతకు ముందు, పండుగ సాయంత్రమే, ఆఫీసులో నా పెన్సిలు పటం తీసి రబ్బరుతో ఆ చుక్కల గీతను చెరిపేశాను. కాగితం చిరగకుండా, మెల్లగా. కొండ అక్కడ ఎప్పుడూ తెగలేదు.