సబ్బుపెట్టెడు నేల

రెండో దెబ్బకి ఫెస్టస్ చెవి చిట్లింది. అయినా పార ఆపలేదు. చర్చి వెనక సమాధుల తోటలో, వాళ్ళమ్మ సమాధి పక్కన, మోకాలిలోతు గొయ్యి అయింది. గట్టున సబ్బులొచ్చిన చెక్కపెట్టె ఉంది. అందులో ఆ పొద్దున పుట్టి, గంటసేపు బతికి పోయిన కూతురు.

"జ్ఞానస్నానం లేని బిడ్డకి ఇక్కడ చోటు లేదని చెప్పానా లేదా?" ఫాదర్ లావెల్ ముళ్ళకర్ర మళ్ళీ ఎత్తాడు.

"మీకోసం పరిగెత్తుకొచ్చాను గదా ఫాదర్! భోంచేస్తున్నారని మీ వంటావిడ వాకిట్లోనే నిలబెట్టేసింది."

"ప్రాణం మీదికొస్తే ఎవరైనా నీళ్ళు పోసి జ్ఞానస్నానం ఇవ్వొచ్చు. మంత్రసాని చేతులు పడిపోయాయా?"

"పోయినేడు పోసినందుకేగా, ఫాదర్ చేసే పని ఆడదానికెందుకని చర్చిలో అందరి ముందూ ఆవిణ్ణి మోకాళ్ళ మీద నిలబెట్టారు!"

ఈసారి దెబ్బ నోటిమీద పడింది. పన్నూడి మట్టిలో పడింది.

ఐర్లండు పడమటి తీరంలో, మా ఊళ్ళో, ఇలాంటి బిడ్డల్ని తండ్రి ఒక్కడే తెల్లారకముందు సముద్రపొడ్డు రాళ్ళదిబ్బలో కప్పెట్టి రావాలి. పేరు పెట్టకూడదు, ఏడవకూడదు. ఇంగ్లీషు దొరలు పోయి పదేళ్ళయింది. కర్ర మాత్రం పోలేదు, చెయ్యి మారిందంతే. గోడ పక్కన మగాళ్ళందరం టోపీలు చేతపట్టుకుని చూస్తూ నిలబడ్డాం. సిగ్గుచేటు.

"మంచో చెడో ఎంచుకునే బుద్ధి దేవుడే ఇచ్చాడని మీరే చెప్పారు," అన్నాడు ఫెస్టస్ నెత్తురు ఉమ్మి. "ఎంచుకున్నాను ఫాదర్. మా అమ్మ పక్కనే."

కర్ర నడినెత్తిన దిగింది. అతను గొయ్యిలో బోర్లాపడ్డాడు.

ఫాదర్ రొప్పుతూ మావైపు తిరిగాడు. "కోల్మన్! ఇలా రా. వీణ్ణి బయటికి లాగి గొయ్యి పూడ్చు."

కోల్మన్ మా అందరిలోకీ పిరికివాడు. ఫాదర్ గుర్రం కనిపిస్తే దారి వదిలి కాలవలో నిలబడే మనిషి. ముగ్గురు బిడ్డల్ని ఆ దిబ్బలో కప్పెట్టి వచ్చి, ఏనాడూ నోరెత్తలేదు. అతను ముందు టోపీ పెట్టుకున్నాడు. ఫాదర్ ఎదుట ఎవరూ టోపీ పెట్టుకోరు. వెళ్ళి ఫెస్టస్‌ని లేపి గట్టున కూర్చోబెట్టి, పార అందుకున్నాడు.

"పూడ్చవేంరా?"

"లోతు చాల్లేదు ఫాదర్," అంటూ కోల్మన్ గొయ్యిలోకి దిగి తవ్వసాగాడు.

కర్ర అతని వీపు మీద విరుచుకుపడింది. పార ఆగలేదు. గోడ దగ్గర ఇంకెవరో టోపీ పెట్టుకున్నారు.