చిటికెడు రొయ్యపొట్టు

నాగులమ్మకు కోడలి మీద అనుమానం పెళ్లైన వారానికే మొదలైంది. పిల్లకు రొయ్యలు పడవట. మైపాడు తీరాన ఎండురొయ్యలు అమ్ముకుని బతికే ఇంటికి కోడలిగా వచ్చి ఆ మాటంటే ఎవరు నమ్ముతారు? ఎండలో కూర్చుని రొయ్యలు ఏరడానికి ఒళ్లు వంగక స్వర్ణ ఎత్తిన ఎత్తు ఇదని నాగులమ్మ తేల్చేసింది. ఆమె తేల్చేసిందంటే ఇక దేవుడు దిగొచ్చి చెప్పినా అంతే.

కొడుకు వినోద్ మాత్రం పెళ్లాం మాటే వేదమన్నట్టు ఆమెకు వేరే గిన్నె, వేరే గరిటె కొనిచ్చాడు. అది చాలదన్నట్టు, బీరువాలో చీరల కింద నాగులమ్మకు ఒక డబ్బా దొరికింది. అందులో లావుపాటి పెన్ను లాంటి ఇంజెక్షను. నిలదీస్తే స్వర్ణ తొణక్కుండా చెప్పింది. పొరపాటున రొయ్య కడుపులోకి పోతే గొంతు వాచి ఊపిరాడదని, వెంటనే దీన్ని తొడకు గుచ్చి ఆసుపత్రికి పరిగెత్తాలని నెల్లూరు డాక్టరు చెప్పాడట. మూత ఎలా తియ్యాలో, ఎక్కడ నొక్కాలో అత్తకు కూడా చూపించింది.

నాగులమ్మ అంతా చూసింది గానీ ఒక్క ముక్క నమ్మలేదు. తినే తిండికి సూదిమందేంటి? పిల్లలు పుట్టకుండా వేసుకుంటోందేమో. పుట్టింటివాళ్లు దాచిన రోగమేదైనా ఉందేమో. ఆ అనుమానం ఆమెను కూర్చోనివ్వలేదు, నిలబడనివ్వలేదు.

వినోద్ రొయ్యల చెరువుల మీదికి పోయిన రోజు చూసుకుని, నాగులమ్మ కోడలి గిన్నెలో ఉడుకుతున్న గోంగూర పప్పులో చిటికెడు రొయ్యపొట్టు వేసి కలిపేసింది. పొట్టును ఆ ఇంట్లో ఎవరూ రొయ్య కింద లెక్కెయ్యరు, ఉప్పూ కారంలాగా ఏ కూరలోనైనా పడుతుంది. ఇల్లంతా అదే వాసన గనక పప్పులో వేరేగా తెలియదు. చిటికెడుతో ఏమవుతుంది? ఏమీ కాకపోతే దొంగ దొరికినట్టే. కోడలు నాటకమాడి సూది తీసుకోకుండా డబ్బాను ముందే బియ్యం డ్రమ్ములో పూడ్చిపెట్టింది.

స్వర్ణ రెండు ముద్దలు తిని ఆగింది. అరచేతులు గోక్కుంది. మెడ మీద దద్దుర్లు లేచాయి, పెదాలు ఉబ్బాయి. గడప దగ్గర నిలబడ్డ నాగులమ్మ, బాగానే ఆడుతోందే అనుకుంది. స్వర్ణ తూలుతూ బీరువా దగ్గరికి పోయి చీరలన్నీ కింద పారేసింది. డబ్బా లేదు. వెనక్కి తిరిగి చూసిన చూపులో నటన లేదు. ఊపిరి ఈలలాగా వస్తోంది. నాగులమ్మ వంటింట్లోకి పరిగెత్తింది.

డ్రమ్ములో మోచేతిదాకా చెయ్యి దూర్చి డబ్బా లాగింది. మూత పీకి, కోడలు చూపించినట్టే నైటీ మీదనుంచే తొడకు గట్టిగా నొక్కి పట్టుకుంది. పక్కింటి టైటస్‌ను కేకేసి అతని ఆటోలో ఎక్కించింది. డబ్బా చేతిలో పట్టుకుని దారి పొడుగునా ఏడుస్తూనే ఉంది.

ఆసుపత్రిలో స్వర్ణకు ఊపిరి కుదురుకుంది. మళ్లీ తిరగబెట్టవచ్చని మర్నాటిదాకా అక్కడే ఉంచారు. ఏం తిన్నావని డాక్టరమ్మ అడిగితే పప్పేనని చెప్పి, స్వర్ణ డబ్బా సందులో ఇరుక్కున్న బియ్యపు గింజల వైపు చూసింది. తర్వాత అత్త వైపు చూసింది. పరిగెత్తుకొచ్చిన వినోద్ కూడా అటే చూశాడు.

"నేనే ఏసినాను," అంది నాగులమ్మ. "చిటికెడు పొట్టు. నిజమో కాదో చూద్దామని."

డాక్టరమ్మ పెట్టిన చీవాట్లు ఆమె తలవంచుకుని విన్నది. వినోద్ తల్లికి వీపు పెట్టి స్వర్ణ మంచం పక్కన కూర్చున్నాడు, అదే ఆమెను ఎక్కువ కోసింది.

ఇంటికొచ్చాక నాగులమ్మ పొట్టు డబ్బా అవతల పారేసింది. గిన్నెలన్నీ కొత్తవి తెచ్చింది. ఒక మధ్యాహ్నం పప్పు వండి, అన్నంలో వేసి, కోడలి ముందు పెట్టింది. స్వర్ణ కంచం ముట్టలేదు. నాగులమ్మ నొచ్చుకోలేదు, ఆ కంచంలోంచే ముద్ద కలిపి కోడలు చూస్తుండగా తిన్నది.

"చూడమ్మా, ఏమీ కలపలేదు. నేనే తింటా ఉండాను గదా."

స్వర్ణ కంచాన్ని మెల్లగా పక్కకు జరిపింది.

"నీకు రొయ్యలు పడతాయి గదత్తా," అంది.