చెక్కే ముందు చదవాలి

ఆళ్లగడ్డలో దేవుళ్ళను చెక్కేవాళ్ళు చాలామంది ఉన్నారు. బ్రహ్మయ్య చెక్కేది అక్షరాలు. ప్రారంభోత్సవాల శిలాఫలకాలు, సమాధి రాళ్ళు ఆయన పని. నంద్యాల రోడ్డు పక్కన రేకుల షెడ్డులో ముప్పై ఏళ్ళుగా నాయకుల పేర్లనూ పోయినవాళ్ళ పేర్లనూ ఒకే ఉలితో చెక్కుతున్నాడు.

ఆయనకు ఒక పద్ధతి ఉంది. ముందు రాయి మీద ఎర్రరంగుతో అక్షరాలు రాస్తాడు. రాయి చేయమని చెప్పినవాళ్ళను పిలిపించి, పైకి చదివిస్తాడు. వాళ్ళు చదివి, సరే అన్నాకే ఉలి పెడతాడు. రంగునైతే గుడ్డతో తుడిచేయొచ్చు, ఉలి దెబ్బను తుడవలేం. ఎంత పెద్దమనిషి రాయి అయినా, ఎవరో ఒకరు వచ్చి నిలబడి చదవాల్సిందే.

బుధవారం కృపమ్మ వచ్చింది. భర్త ప్రభుదాసు పోయి ముప్పై ఏడు రోజులైంది. ఆదివారం జ్ఞాపకార్థ కూడిక. ఆ లోపల రాయి నిలబెట్టాలి. పేరు, రెండు తేదీలు, కింద ఒక మాట రాసిన కాగితం ఇచ్చింది.

"ఈ మాట ఆయన ఎప్పుడూ ఇంట్లో అంటా ఉండె. అందుకని" అంది.

బ్రహ్మయ్య కాగితం చూశాడు. ఆ మాట ఆయనకు కొత్త కాదు.

ప్రభుదాసు రిటైరైన బడి అయ్యవారు. ఆయన ఊరు కోయిలకుంట్ల దారిలో ఉంది. ఆ ఊళ్ళో క్రైస్తవుల సమాధుల తోట ఎకరా ముప్పై సెంట్లు. పక్కన ప్లాట్ల వెంచర్ పడింది. కంచె వేసేసరికి తోటలో నలభై సెంట్లు కంచె లోపలికి పోయాయి. అందులో ఆరు సమాధులు కూడా పోయాయి. వెంచర్ ఎవరిదో ఊళ్ళో అందరికీ తెలుసు. పేరు పలికేవాళ్ళు లేరు, పెద్దాయన అంటారు. ఆరు సమాధుల తాలూకు వాళ్ళు కూడా నోరెత్తలేదు. ప్రభుదాసు ఎత్తాడు. సోమవారం సోమవారం ఏడున్నర బస్సుకు నంద్యాల పోయి, కలెక్టరాఫీసులో అర్జీ ఇచ్చి, రసీదు తీసుకుని మధ్యాహ్నానికి వచ్చేవాడు. అలా పదకొండు సోమవారాలు పోయాడు. పదకొండు రసీదులు పోగయ్యాయి.

బస్సు వచ్చేదాకా ఆయన కూర్చునేది బ్రహ్మయ్య షెడ్డు ముందు బండ మీద. టీ తాగి, అర్జీ తీసి బ్రహ్మయ్యకు ఇచ్చేవాడు. పైన ఖాళీ జాగాలో ఒక మాట పెద్దక్షరాలతో రాయించుకునేవాడు.

"కింద ఉండేది వాళ్ళు చదువుతారో చదవరో. పైన ఒక్క మాటన్నా కంట్లో పడాల గదప్పా" అనేవాడు.

వంగిన వీపునే మూట వెతుక్కుంటుంది. ఇది మొదటి వారం మాట. కంచెను కాదు, కంచె వేసినవాణ్ణి అడగాలి. ఇది మూడో వారందో నాలుగో వారందో. నోరెత్తితే పోయేది నిద్ర, ఎత్తకుంటే పోయేది నేల. ఇది రాసిన రోజు బ్రహ్మయ్య నవ్వి, మరి నీకు నిద్ర పడుతోందా సారూ అని అడిగాడు. బస్సులో పడుతోందని ప్రభుదాసు చెప్పాడు. రాసేది తనే అయినా అడిగేది తను కాదని బ్రహ్మయ్య లెక్క. సంతకం ఆయనది, అక్షరాలు మాత్రమే తనవి.

పన్నెండో సోమవారం కూడా ఒక మాట రాయించుకున్నాడు. అర్జీని మడిచి చేతిలో పట్టుకుని బస్సు కోసం రోడ్డు దాటుతుండగా టిప్పర్ గుద్దింది. దానికి నంబరు ప్లేటు లేదు. చేతిలో ఉన్న అర్జీ ఏమైందో ఎవరికీ తెలియలేదు. గుర్తు తెలియని వాహనమని కేసు రాశారు. పోలీసులు అడిగితే, పనిలో ఉన్నాను, చూడలేదని బ్రహ్మయ్య చెప్పాడు.

కృపమ్మ తెచ్చిన కాగితంలో ఉన్నది ఆ పన్నెండో మాట.

అడగని నోరు మన్ను కప్పిన నోరే.

శనివారం పొద్దున వచ్చి చదువుకొమ్మని చెప్పి ఆమెను పంపించాడు. సాయంత్రానికల్లా నల్లరాయి మీద ఎర్రరంగుతో రాశాడు.

గురువారం పదింటికి తెల్లబండి వచ్చి ఆగింది. మనోజ్ దిగాడు. పెద్దాయన పనులు చూసే మనిషి. పెద్దాయన శిలాఫలకాలన్నీ చెప్పేది అతనే. వెంచర్ గేటుకు రాయి కావాలన్నాడు. కొలతలు చెప్పాడు. పేర్ల జాబితా ఇచ్చాడు. కుర్చీ లాక్కుని కూర్చుని, బ్రహ్మయ్య మోకాలి నొప్పి ఎట్లుందో అడిగాడు. కూతురు సుప్రజ నంద్యాలలో ఏ కాలేజీలో చదువుతోందో, వారానికోసారి ఏ బస్సుకు ఇంటికి వస్తుందో తనే చెప్పి, అంతేనా అని అడిగాడు. బ్రహ్మయ్య తల ఊపాడు.

అప్పుడు మనోజ్ గోడకు ఆనించిన రాయి వైపు చూశాడు. లేచి దాని ముందు నిలబడి చదివాడు. పేరు చదివాడు, తేదీలు చదివాడు, కింది మాట చదివాడు. బళ్ళో పాఠం చదివినట్టు పైకి చదివాడు.

"ఏందీ ఆచారీ ఇది?"

"వాళ్ళు చెప్పినారు. నేను రాసినా."

"రాయి ఆ తోటలో నిలబెడతారు. గేటు కాడికి వచ్చిన ప్రతి ఒక్కడూ చదువుతాడు. ప్లాట్లు కొనేటోళ్ళు గూడా. పేరు చెక్కు, తేదీలు చెక్కు, ఎవరొద్దన్నారు? కింద లైను తుడిచెయ్."

మనోజ్ బండి దగ్గరికి పోయి ఒక కవరు తెచ్చాడు. అందులోని కాగితాలు తీసి, రాతిపొడి ఊది, బల్ల మీద ఒక్కొక్కటే పరిచాడు. అర్జీలు. ఒక్కోదాని పైన ఒక్కో మాట.

"ఇవి మా దగ్గరికి ఎట్లొచ్చినాయో అడగొద్దు. ఈ అక్షరాలు యాడ చూసినా గుర్తుపడతా. మా పెద్దాయన రాళ్ళన్నీ ఈ చేతివే గదా."

బ్రహ్మయ్య తన అక్షరాల వైపు చూశాడు. ఊళ్ళో ప్రతి వీధిలో, ప్రతి కట్టడం మీద ఉన్న అక్షరాలే. కాగితం మీద కూడా అదే వంపు, అదే తోక. చేతిరాత మార్చి రాయాలన్న ఆలోచన ఇన్ని వారాల్లో ఒక్కసారి కూడా రాలేదు.

తర్వాత కాగితాలు లెక్కపెట్టాడు. పదకొండు కాదు. పన్నెండు.

పన్నెండోది నాలుగు మడతలు పడి ఉంది. ఒక మూల ఎండిన మరక. పైన మాట సగమే కనిపిస్తోంది. అడగని నోరు.

ఆ అర్జీ నంద్యాల చేరలేదు. బస్సు కూడా ఎక్కలేదు.

బ్రహ్మయ్య తలెత్తేసరికి మనోజ్ ఆయన్నే చూస్తున్నాడు. ఎన్ని కాగితాలు లెక్కపెట్టాడో తెలిసినట్టే చూస్తున్నాడు. ఒక్కొక్కటే ఏరి, అంచులు సరిచేసి, కవరులో పెట్టుకున్నాడు.

"నువ్వు ఆ పొద్దు పనిలో ఉంటివి గదా ఆచారీ. ఏమీ చూడకపోతివి. అట్లనే పనిలో ఉండు" అన్నాడు. గేటు రాయి తొందరేం లేదని చెప్పి బండి ఎక్కాడు.

బ్రహ్మయ్య గుడ్డ తడిపి తెచ్చాడు. రాయి ముందు గొంతుక్కూర్చున్నాడు. గుడ్డలో నీళ్ళు నేల మీదికి కారిపోయేదాకా కూర్చుని, తుడవకుండానే లేచాడు. శుక్రవారం కూడా అదే జరిగింది. ఆ రోజు ఎదురుగా చింతచెట్టు కింద మోటారుసైకిల్ మీద ఒకడు కూర్చుని ఉన్నాడు. టీ తాగాడు, ఫోన్ చూసుకున్నాడు, చీకటి పడేముందు వెళ్ళిపోయాడు. సుప్రజకు ఫోన్ చేసి, ఈ వారం ఇంటికి రావద్దని, హాస్టల్లోనే ఉండమని బ్రహ్మయ్య చెప్పాడు. ఎందుకు నాయనా అని అడిగితే, పనుంది అన్నాడు.

శనివారం ఏడు గంటలకు కృపమ్మ వచ్చింది. ఆయన ముఖం చూసి, చదవకుండా బండ మీద కూర్చుంది. భర్త కూర్చునే బండ అది.

"కింద మాట వద్దు కృపమ్మా" అన్నాడు బ్రహ్మయ్య. "పేరు చెక్కుతా. తేదీలు చెక్కుతా."

"ఎవరొచ్చినారు?"

ఆయన చింతచెట్టు వైపు చూశాడు. ఆమె మళ్ళీ అడగలేదు. కొంగుతో ముఖం తుడుచుకుంది.

"ఆయప్ప పదకొండు వారాలు అడిగినా ఎవరూ అవుననలా, కాదనలా" అంది. "మేం చూసుకుంటాం అన్నారు. రాసుకున్నాం అన్నారు. నువ్వు మొగం మీద కాదంటాండావు. పోనీలే, నువ్వన్నా జవాబు చెప్పినావు."

అందులో ఎత్తిపొడుపు లేదు. ఉంటే బ్రహ్మయ్యకు తేలికయ్యేది. ఆమె లేచి, పేరు, తేదీలు చదవడానికి రాయి దగ్గరికి పోయింది.

"ఆ టిప్పర్ అరగంట ముందు నుంచి ఆడనే నిలబడి ఉండె" అన్నాడు బ్రహ్మయ్య. "ఆ చింతచెట్టు కింద. ఇంజను ఆపలా. సారు టీ తాగేటప్పుడు గూడా ఉండె. నేను చూస్తానే ఉంటి. పోలీసోళ్ళకు చెప్పలా."

కృపమ్మ రాయి వైపే తిరిగి ఉంది.

"నాకు చెప్పినావు గదా. ఇంగొకరికి చెప్పేటప్పుడు నేను పక్కన ఉంటా."

బ్రహ్మయ్య ఎర్రరంగు గిన్నె అందుకున్నాడు. కుంచె ముంచి, రాయి అడుగున మిగిలిన జాగాలో ఒక వరుస రాశాడు. చెక్కేవాడు సమాధి రాయి మీద పేరు వేసుకోడు. తండ్రి వేసుకోలేదు, తాతా వేసుకోలేదు. ఆయన తన పేరు రాశాడు, పక్కన ఊరు రాశాడు.

"చదువు" అన్నాడు.

ఆమె చదవడం మొదలుపెట్టింది. భర్త పేరు దగ్గర ఆగి, ఊపిరి పీల్చుకుని మళ్ళీ అందుకుంది. తేదీలు చదివింది. అడగని నోరు దగ్గరికి వచ్చేసరికి రోడ్డు మీద నుంచి ఇంజను శబ్దం వచ్చి చింతచెట్టు దగ్గర ఆగింది. బండి ఆగింది కానీ ఇంజను ఆగలేదు. బ్రహ్మయ్య తిరిగి చూశాడు. టిప్పర్. ముందు నంబరు ప్లేటు ఉండాల్సిన చోట రెండు బోల్టులు ఉన్నాయి.

కృపమ్మ చూడలేదు. ఆ మోతలో ఆమె మాట సరిగా వినపడలేదు.

బ్రహ్మయ్య రాయి ముందు కూర్చుని, అడగని నోరు అన్న మాటలో మొదటి అక్షరం మీద ఉలి ఆనించి, సుత్తి చేతికి తీసుకున్నాడు.

"నాకు వినపడలా" అన్నాడు. "మొదటి నుంచి చదువు. గట్టిగా చదువు."